తీర్పు గడువు దాటింది, అప్పీలు వేస్తామంటున్నారు. అమలు ఆపొచ్చా?

ప్రశ్న: ప్రమోషన్‌కు పేరు పరిశీలించమని హైకోర్టు సింగిల్ జడ్జి ఎనిమిది వారాల గడువిచ్చారు. అది దాటిపోయింది. అప్పీలు వేస్తామంటూ శాఖ ఫైలు కదపడం లేదు. ఏం చేయాలండీ?

జవాబు 1: అప్పీలు వేసినంత మాత్రాన స్టే వచ్చినట్టు కాదండీ. అప్పీలు వినే డివిజన్ బెంచ్ (ఇద్దరు జడ్జీల ధర్మాసనం) స్టే ఇచ్చేదాకా ఉత్తర్వు అమల్లో ఉన్నట్టే. సింగిల్ జడ్జి తీర్పు మీద వేసే రిట్ అప్పీలుకు గడువు 30 రోజులు, సర్టిఫైడ్ కాపీకి పట్టిన రోజులు మినహాయింపు. అయితే ఆలస్యాన్ని మన్నించమని పిటిషన్ వేసుకోవచ్చు, కాబట్టి గడువు దాటిందని ధీమాగా ఉండొద్దు. ఉత్తర్వు కాపీ జతచేసి శాఖకు రిప్రజెంటేషన్ (వినతిపత్రం) ఇచ్చి, తేదీతో రసీదు తీసుకోండి. చాలా ఉత్తర్వుల్లో వారాల లెక్క కాపీ అందిన రోజు నుంచే మొదలవుతుంది. ఆ రుజువు లేకే కోర్టు ధిక్కార కేసులు నీరుగారిపోతాయి.

జవాబు 2: ధిక్కార పిటిషన్‌కు 1971 కోర్టు ధిక్కార చట్టం సెక్షన్ 20 ప్రకారం ఏడాదే గడువు. ఉల్లంఘన జరిగిన తేదీ నుంచి లెక్క, వినతిపత్రాలు ఇస్తూపోతే అది పెరగదు. ఇంకోటి, "పరిశీలించండి" అన్న ఉత్తర్వుకు కారణాలు రాసి తిరస్కరించినా సాధారణంగా పాటించినట్టే. అప్పుడు ఆ తిరస్కరణ మీద కొత్త రిట్ వేయాలి.

జవాబు 3: శాఖ సుప్రీంకోర్టుకు వెళ్లినా, ఆ కోర్టు కారణాలు చెప్పకుండా ఎస్సెల్పీ (అప్పీలుకు ప్రత్యేక అనుమతి కోరే పిటిషన్) కొట్టేస్తే హైకోర్టు తీర్పు అందులో విలీనం కాదు, విడిగానే నిలుస్తుంది (కున్హయమ్మద్ కేసు, 2000). అందుకే శాఖ మళ్లీ హైకోర్టులో రివ్యూకి (తీర్పు పునఃపరిశీలనకు) రావచ్చు.