సగం సామర్థ్యం మారినా కరెంటు ఇంకా బొగ్గుదేనా?

తొమ్మిదో తరగతి చదివే మా అమ్మాయి బళ్లో మన దేశపు కరెంటు గురించి మాట్లాడాలట, నన్ను కూర్చోబెట్టింది. 2025లో స్థాపిత సామర్థ్యంలో (కరెంటు కేంద్రాలన్నీ కలిసి ఒకేసారి ఇవ్వగలిగేది, మెగావాట్లలో లెక్క) సగం బొగ్గు, గ్యాస్ లాంటి ఇంధనాలు కానివాటిదే అయిందని ప్రభుత్వం ప్రకటించింది. మరి 2024-25లో తయారైన యూనిట్లలో 70 శాతానికి పైగా బొగ్గువే!

రాత్రి సోలార్ ఉండదు, అది తెలుసు. కానీ మెగావాట్లకీ యూనిట్లకీ తేడా పిల్లకి ఎలా చెప్పాలి? మోటారు, ట్యాంకు పోలిక పెట్టాను, నవ్వేసింది.

ఇంకొకటి. కర్నూలు దగ్గర పిన్నాపురంలో కరెంటు మిగిలినప్పుడు నీళ్లు పైకి తోడి, అవసరమైనప్పుడు కిందికి వదులుతారు కదా, తోడడానికి పోయిన కరెంటులో ఎంత తిరిగొస్తుంది? ఈ రంగంలో పనిచేసేవాళ్లు ఎవరైనా కాస్త చెప్పండి. సోమవారంలోపు కావాలి.