పాస్‌పోర్ట్‌లో పుట్టిన తేదీ తప్పు పడింది, మార్చుకున్నోళ్లు ఉంటే చెప్పండి

మిర్యాలగూడ పిలగాడు: పాస్‌పోర్ట్‌లో 1996 ఉంది, పదో తరగతి మెమోలో 1998. ఏజెంట్ అప్పట్లో ఓటరు కార్డు చూసి నింపేశాడు. ఇప్పుడు ఎమ్మెస్ అడ్మిషన్ వచ్చింది, వీసా ఇంటర్వ్యూలో పట్టుకుంటారేమోనని టెన్షన్. నల్గొండ పోస్టాఫీసు కేంద్రంలో అవుతుందా, సికింద్రాబాద్ పోవాలా? తత్కాల్ పెట్టొచ్చా?

రియాద్ పాలమూరోడు: నీది నయం తమ్మీ. నాకు అకామా (ఇక్కడ ఉండేందుకు ఇచ్చే కార్డు), బ్యాంకు ఖాతా, లైసెన్సు అన్నీ ఆ తప్పు తేదీ మీదే నడుస్తున్నాయి. ఒకటి మారిస్తే అన్నీ మార్చాలి, కఫీల్ (నన్ను పనికి పెట్టుకున్న యజమాని) చుట్టూ తిరగాలి. అందుకే ముట్టుకోలేదు. మా అమ్మ నన్ను బతుకమ్మ పండుగప్పుడు కన్నదట, బడిలో సారేమో జూన్ 1 రాశాడు. మా క్లాసులో సగం మంది జూన్ 1నే పుట్టారు మరి!

మీసేవ అన్న: పదేళ్ల నుంచి ఇదే పని నాది, జిల్లాలో నాకు తెలియని ఫారం లేదు. రీ-ఇష్యూ కింద పెట్టాలి, కారణం దగ్గర వ్యక్తిగత వివరాల మార్పు, అందులో పుట్టిన తేదీ. 36 పేజీల బుక్కుకు 1500. పాత పాస్‌పోర్ట్ ఒరిజినల్ తీసుకుపో. ఆధార్‌లో తేదీ సరిగ్గా ఉంటే చాలు.

అచ్చంపేట అబ్బాయి: ఆధార్ చాలని ఎవరన్నారు? అది గుర్తింపుకే, పుట్టిన తేదీకి రుజువు కాదని ఇప్పుడు కార్డు మీదే రాస్తున్నారు. పీఎఫ్ వాళ్లు కూడా 2024 జనవరిలో పుట్టిన తేదీ రుజువుల లిస్టు నుంచి తీసేశారు. మా చెల్లె మెమో చూపించినా ఒప్పుకోలేదు, బర్త్ సర్టిఫికెట్ తెమ్మన్నారు.

మీసేవ అన్న: 2016 డిసెంబర్‌లో పాస్‌పోర్ట్ రూల్స్ మార్చినప్పుడు ఆధార్ లిస్టులో పెట్టారు. చదివి మాట్లాడు.

అచ్చంపేట అబ్బాయి: 2025లో మళ్లీ మార్చారు, అది నువ్వు చదువు. బర్త్ సర్టిఫికెట్ తప్ప ఇంకేదీ చెల్లదు.

మీసేవ అన్న: అది 2023 అక్టోబర్ 1 నుంచి పుట్టిన పిల్లలకు! తమ్ముడు పోయేది అమెరికాకి, అంగన్‌వాడీకి కాదు.

రిటైర్డ్ సారు, దేవరకొండ: జూన్ 1 రాసింది మేమే. రాయకపోతే మీకు బడే లేదు. తేదీ అడిగితే తల్లిదండ్రులు ఏం చెప్పేవాళ్లు? "పెద్ద వాన పడ్డ ఏడు సారూ, మా ఎర్రెద్దు చచ్చిపోయిన ఏడు." పిల్లవాడి కుడి చెయ్యి తల మీదుగా ఎడమ చెవికి అందితే ఐదేళ్లు నిండినట్టు చేర్చుకునేవాళ్లం. బడి తెరిచేది జూన్‌లో, ఆ నెలే పడింది.

నకిరేకల్ నరుడు: మీ చెవి లెక్కకు మా నాన్న బలయ్యాడు సారూ. ఒక ఏడు ముందు రాశారు, 58కే రిటైర్ చేశారు. తర్వాత 2021 మార్చిలో 61 చేశారు. అసలు తేదీ ఉంటే ఇంకో నాలుగేళ్లు ఉద్యోగం ఉండేది. పింఛను తేడా మీరు ఇస్తారా?

రిటైర్డ్ సారు, దేవరకొండ: ఒక ఏడు తగ్గించి రాయించుకుని ఇంకా ఉద్యోగం చేస్తున్నోళ్లు వచ్చి నాకు దండం పెట్టిన్రా? మీ నాన్నకు చదువు చెప్పింది ఆ బడే కదా, మాట జాగ్రత్త.

రియాద్ పాలమూరోడు: సారును ఏమనకండి, ఆయన రాసిన జూన్ 1 మీదే నేను అన్నం తింటున్నా.

కల్వకుర్తి అక్క: ఈ పంచాయితీ ఆపండి. తమ్ముడూ, నల్గొండలో ఇచ్చినా ఫైలు తేల్చేది సికింద్రాబాద్ రీజినల్ ఆఫీసే, అక్కడికి పిలిస్తే పోవాలి. ముందు నువ్వు పుట్టిన ఊరి పంచాయతీ రిజిస్టర్‌లో నీ పేరు ఉందో లేదో చూసుకో. లేకపోతే లేదని రాసిచ్చిన కాగితం తీసుకుని మీసేవలో ఆలస్య నమోదుకు పెట్టాలి, తహసీల్దార్ విచారణ అయ్యాక ఆర్డీవో ఉత్తర్వు రావాలి. మాకు ఎక్కువ నాన్చింది అదే, పాస్‌పోర్ట్ కాదు. విచారణకు వచ్చినాయన మా అత్తను పట్టుకుని "కోడలు పుట్టినప్పుడు నువ్వు చూశావా" అని అడిగాడు.

నకిరేకల్ నరుడు: ఆధార్‌లో పుట్టిన తేదీ ఒక్కసారే మార్చనిస్తారు, అది తప్పుగా మార్చుకుని కూర్చోకు.

మిర్యాలగూడ పిలగాడు: ఆసుపత్రిలో పుట్టాను అక్కా, మున్సిపాలిటీలో నమోదు ఉంది, 1998 అనే ఉంది. రేపే స్లాట్ చూస్తా. తత్కాల్ సంగతి ఎవరూ చెప్పరేం?

మీసేవ అన్న: షాపుకు రా, చెప్తా.

అచ్చంపేట అబ్బాయి: వెళ్లు, ఆధార్ ఒక్కటి పట్టుకుని వెళ్లు.