కొరియన్ గ్యాంగ్‌స్టర్ సినిమాలల్ల తుపాకులు ఎందుకుండయి?

నల్గొండ_సెకండ్‌షో: అన్నలూ ఒక డౌటు. కొరియన్ గ్యాంగ్‌స్టర్ సినిమాలు వరుసవెట్టి చూస్తున్న. మన విలన్ల దగ్గర మెషిన్ గన్లుంటయి, వీళ్లేమో యాభై మంది మీదికొచ్చినా బేస్‌బాల్ బ్యాట్లు, చేపలు కోసే కత్తులే. ఇంకోటి, ఏది చూసినా మధ్యల భూముల లొల్లి ఒకటొస్తది, గదేంది? పాతయి ఏడికెళ్లి మొదలువెట్టాలె?

పాలమూరు_పోరడు: ఆడ మామూలోళ్లకు గన్ దొరకదు తమ్మీ, వేట లైసెన్సున్నోడు గూడ తుపాకి పోలీస్ స్టేషన్లనే పెట్టాలె. అందుకే ఫైటంటే మీదవడి కొట్టుకునుడే, హీరో గూడ ఆయాసపడ్తడు జారిపడ్తడు, నాకు గదే ఇష్టం. ఇమ్ క్వాన్ తేక్ తీసిన ‘జనరల్స్ సన్’ (1990) తోని మొదలువెట్టు. జపానోళ్ల పాలనల సియోల్, జోంగ్నో బజారు ఎవలదని కొట్లాట. హీరో కిమ్ దూ హాన్ నిజంగున్న మనిషే, తర్వాత ఎంపీ అయ్యి 1966ల ఒక స్మగ్లింగ్ కేసు మీద చర్చ నడుస్తుంటే సభలనే మంత్రుల మీద పెంట కుమ్మరిచ్చిండు 😂 సినిమాల గా ముచ్చట లేదు, ఉంటే మస్తుండు

షాద్‌నగర్_ఎక్స్‌రోడ్: భూముల సంగతి నేను చెప్త. గంగ్నమ్ అని పాటల విన్నం గదా, సియోల్‌ల హాన్ నదికి దక్షిణం దిక్కున్న ఏరియా, 1960లల్ల గది వరి పొలాలు, పండ్ల తోటలు. నది మీద బ్రిడ్జి పడ్డది, 1970ల పోర్టు సిటీ బూసన్ దాక హైవే అయ్యింది, ఇగ రేట్లు ఆగినయా? ‘గంగ్నమ్ బ్లూస్’ (2015) మొత్తం గా భూముల దందానే. కానీ నా ఓటు లీ చాంగ్ డాంగ్ తీసిన ‘గ్రీన్ ఫిష్’ (1997) కే. పోరడు మిలిటరీ నుంచి ఇంటికొస్తడు, సియోల్ పక్కనున్న ఇల్సాన్‌ల వాళ్ల ఊరు చుట్టూ అపార్ట్‌మెంట్లు లేచినయి, పని లేదు, పోయి గ్యాంగ్‌ల పడ్తడు. మా దిక్కు వెంచర్ల జెండాలు చూసినోళ్లకు సబ్‌టైటిల్స్ గూడ అక్కర్లేదు

మిర్యాలగూడ_మామ: ‘నేమ్‌లెస్ గ్యాంగ్‌స్టర్’ (2012) ఎవ్వలు చెప్పరేందివయ్యా. బూసన్ కస్టమ్స్‌ల లంచాలు తినేటోడు, ఒక్క దెబ్బ కొట్టుడు రాదు, పెద్ద రౌడీ దగ్గరికి పోయి మనది ఒకటే వంశం, వరసకు నీకు పెద్దోణ్ని, దండం పెట్టు అంటడు! గట్లాంటోళ్లు మనకు ప్రతి పంచాయితీల కనవడ్తరు. 1990ల ప్రెసిడెంట్ నేరాల మీద యుద్ధం ప్రకటిస్తే అందరు పరేషాన్, గా పరేషాన్ చూడాలె

నల్గొండ_సెకండ్‌షో: థాంక్స్ అన్నలూ, మామా. రాత్రికి ‘గ్రీన్ ఫిష్’. పాతయి ఫ్రీగ ఏడ దొరుకుతయి?

పాలమూరు_పోరడు: కొరియన్ ఫిల్మ్ ఆర్కైవ్ వాళ్లకు యూట్యూబ్ ఛానల్ ఉంది, పాత సినిమాలు శానా ఉన్నయి, ఇంగ్లీష్ సబ్‌టైటిల్సే, తెలుగు మీద ఆశ పెట్టుకోకు