‘తుర్కలైసూస్’ని తెలుగులో ఏమందాం?

అడిగినవారు: ఫిన్లాండ్ రంగస్థలం మీద ఒక వ్యాసం తెలుగు చేస్తున్నాను. నాటక దర్శకుడు, నటన నేర్పిన గురువు జౌకో టుర్కా (1942–2016) గురించి. ‘టుర్కలైనెన్ నటన’ అన్న మాట పేజీకి రెండుసార్లు తగులుతోంది. మొదటి చిత్తులో ‘టర్కీ నటన’ అని రాసేసి, టర్కీవాళ్లకి హెల్సింకీలో ఏం పనా అని రెండ్రోజులు బుర్ర గోక్కున్నాను. ఇంటిపేరులోంచి పుట్టిన మాటని ఇప్పుడు తెలిసింది. దీనికీ, దీని భావనామం ‘టుర్కలైసూస్’కీ తెలుగేమిటి? ‘టుర్కావాదం’ సరిపోతుందా?

ఒక జవాబు: ముందు పేరు సరిచేద్దామండీ. ఫిన్నిష్‌లో ‘జె’ అక్షరాన్ని య అని పలుకుతారు. వాళ్ల త మన త లాగే పళ్లకు తగులుతుంది. కాబట్టి యౌకో తుర్కా. క నిజానికి ద్విత్వమే, కానీ ర తర్వాత ఒత్తు పెడితే పాత శాసనాల్లో ‘ధర్మ్మ’ చదివినట్టుంటుంది, వదిలేయండి. మీరు పడ్డ గోతిలో ఎవరైనా పడతారు. టర్కీ దేశం వాళ్లకు ‘తుర్కి’, ఆ దేశపువాడు ‘తుర్కిలైనెన్’. ఈయన తాలూకుది ‘తుర్కలైనెన్’. తేడా అంతా ఒక్క గుడి.

‘లైనెన్’ సంగతి ఇంకా బాగుంటుంది. దేశం పేరుకు చేరితే దేశస్థుడు: ఫిన్లాండ్‌వాడు ‘సువొమలైనెన్’. మనిషి పేరుకు చేరితే అనుయాయి: లూథర్ మతస్థుడు ‘లుతెరిలైనెన్’. బతికుండగానే ఒక నాటకాలాయన పేరుకు ఇది అతుక్కుందంటే, ఆయన చుట్టూ ఊరో మతమో వెలిసిందన్నమాట! (ముందున్న అచ్చును బట్టి ఈ ప్రత్యయం అచ్చు మారుతుంది కూడా. మన ‘పులికి, అన్నకు’ గుర్తురాలేదూ?)

ఇంకొకరు: వాదం వద్దు. వాదానికి సిద్ధాంతం కావాలి, ఇక్కడున్నది ఒళ్లు. తుర్కా 1982 నుంచి 85 దాకా హెల్సింకీ థియేటర్ అకాడమీకి రెక్టారు, ఆ తర్వాత కొన్నేళ్లు ప్రొఫెసరు. నటుడు నోటికన్నా ముందు ఒంటితో పలకాలన్నది ఆయన పట్టు. అలసట, చెమట, అరుపు, ఉమ్ము తుంపరలు. అందంగా నిలబడి సంభాషణ అప్పజెప్పేవాళ్లకు అక్కడ చోటు లేదు. అలెక్సిస్ కివి 1870 నాటి నవల, ఏడుగురు అన్నదమ్ముల కథ, ఫిన్నులకు తలమానికం. దాన్నీ 1989లో ఇదే ఒరవడిలో టీవీ ధారావాహిక చేసి పెద్ద రగడ లేపాడు.

ఈ మాట తిట్టు కూడా. 1987 జనవరిలో ఔలు నగరంలో, ‘దేవుడి నాటకశాల’ అని పేరు పెట్టుకున్న నలుగురు అకాడమీ విద్యార్థులు వేదిక మీద బట్టల్లేకుండా నిలబడి ప్రేక్షకుల మీదికి గుడ్లు, మలం విసిరారు. తుర్కా చేయించిన ప్రదర్శన కాదది. అయినా వేళ్లన్నీ ఆయన బడివైపే తిరిగాయి. మెచ్చుకోలూ ఏవగింపూ రెండూ మోయాలంటే ‘తుర్కాతనం’ అనండి. పిచ్చితనం, మంచితనం రెండింటికీ అదే తనం కదా.

అడిగినవారు: ‘తుర్కా బాణీ’ అంటే ఎలా ఉంటుంది?

మరొకరు: రంగస్థల నటుడు స్థానం నరసింహారావు గారి బాణీ అంటాం, చెవికి ఇంపుగా ఉంటుంది. చెమటకి బాణీ ఏమిటండీ! ‘తనం’ కూడా నాకు కుదరడంలేదు. అది ఆ మనిషి సొంత గుణం. తుర్కలైసూస్ అన్నది ఎక్కువగా శిష్యుల్లో చూసి అన్న మాట. గురువు దగ్గర ఉన్నది కాదు, శిష్యుడి ఒంటి మీద పడ్డది. ఆ బోధన పిల్లల్ని నలిపేసిందన్న విమర్శ కూడా అందులోనే ఉంది. మనవాళ్లు ‘ఫలానావారి మార్కు నటన’ అంటారు చూడండి, పొగడ్తకీ ఎత్తిపొడుపుకీ అదే మాట. మార్కంటే ముద్రే.

అడిగినవారు: బాగుంది మాస్టారూ. విశేషణానికి ‘తుర్కా మార్కు’ ఖాయం. నామం మాత్రం మొదటిసారి ‘తుర్కలైసూస్’ అనే ఉంచి పక్కన వివరణ ఇస్తాను. పేరు చివర దీర్ఘం తీసేయనా, అసలు ఉచ్చారణ హ్రస్వమే కదా?

ఒక జవాబు: తీయకండి. ‘తుర్క’ అని రాస్తే మనవాళ్లు ‘తురక’ అని చదువుకుంటారు. మళ్లీ టర్కీకే పోతారు.