ఒక్కటే మెట్ల దారి, దాని కిందనే కరెంటు మీటర్లు. ఓనర్‌కు ఎట్ల చెప్పాలె?

రెండో_అంతస్తు: హైదరాబాద్ బేగంబజార్‌ల ఆరేండ్ల సంది కిరాయికుంటున్నం. కింద ప్లాస్టిక్ సామాన్ల దుకాణం, దాని మీద వాళ్లదే గోడౌన్, ఆ పైన మేము. మెట్ల మీద ఇద్దరు ఎదురైతే ఒకరు గోడకు ఒత్తుకోవాలె. ఆ మెట్ల కిందనే ఏడు మీటర్లు. దీపావళి గిరాకీ మొదలైతే మెట్ల మీద గూడ అట్టపెట్టెలే. డాబాకు తాళం. తాళంచెవి ఓనర్ దగ్గర, ఆయన ఉండేది అత్తాపూర్‌ల.

2025 మే 18న చార్మినార్ దగ్గరి గుల్జార్ హౌజ్ కాడ ఇల్లు అంటుకొని 17 మంది పోయిన్రు, అందుల 8 మంది పిల్లలు. అప్పటి సంది నాకు నిద్ర సక్కగ పడ్తలేదు. మా అత్తమ్మకు మోకాళ్ల నొప్పులు, దిగనీకే పది నిమిషాలు పడ్తది. ఓనర్‌కు చెప్తే "నలభై ఏండ్ల సంది ఏం కాలే" అంటడు. ఇల్లు మారమని మాత్రం చెప్పకుండ్రి, ఈ కిరాయికి ఇంకోటి దొరకది.

కరెంటు_పనోడు: ఏసీ ఉన్నదా అక్కా? పాతిండ్లల్ల లైట్ల వైరుకే ఏసీ కలుపుతరు. ఎంసీబీ, అంటే లోడెక్కువైతే కరెంటు బంద్ చేసే స్విచ్చి, మాటిమాటికి పడుతుంటే ఇంకా పెద్దది ఏస్తరు. అది పడుడు ఆగుతది, వైరు కాలుడు ఆగది. ముందు అది చూపించు.

విజయవాడ_బాబాయి: గుల్జార్ హౌజ్‌లో చాలామందిని తీసుకుపోయింది పొగేనమ్మా. అక్కడా పైకి ఒక్కటే ఇరుకు మెట్లు. 2023 నవంబరులో బజార్‌ఘాట్‌లోనూ అంతే: కింద రసాయనాల డ్రమ్ములు, పైన కాపురాలు, 9 మంది పోయారు. కింద అంటుకుంటే మెట్ల దారి పొగగొట్టమే. మెట్లలో పొగ కనిపిస్తే దిగొద్దు. తలుపేసి, సందుల్లో తడిగుడ్డలు కుక్కి, కిటికీ దగ్గర నిలబడి 101కి చేయండి. డాబా తాళంచెవి మాత్రం మీ ఇంట్లోనే ఉండాలి.

చార్మినార్_పోరడు: జీహెచ్ఎంసీల కంప్లైంట్ పెట్టు.

రెండో_అంతస్తు: పెడ్తే ముందు ఖాళీ చేసేది మేమే తమ్మీ.

రెండో_అంతస్తు (పది రోజులకు): తాళంచెవి దొరికింది. ఓనర్ ఇయ్యలే, కింది దుకాణం సేఠ్ దగ్గర ఇంకోటుందంట, ఇన్నేండ్లు మాకే తెల్వదు! అడగంగనే ఇచ్చిండు. పెట్టెలు గూడ సగం తీసిండు, మిగిలినయి పండుగైనంక అంటుండు. మీటర్ల సంగతి ఇంక తేలలే. డాబా ఎక్కి చూసిన. పక్క డాబాకు నడుమెత్తు గోడ అడ్డం. అత్తమ్మ దాటనీకి పాత స్టూలొకటి తీస్కపోయి గోడకానించి పెట్టిన.