రంగులద్దిన 16 ఎం.ఎం. ఫిల్మును పాడవకుండా స్కాన్ చేయడం ఎలా?

నమస్కారం. కెమెరా లేకుండా, ఫిల్ము మీదే సూదితో గీకి, రంగులు వేసి ఒక చిన్న చిత్రం చేస్తున్నాను. 1935లో దర్శకుడు లెన్ లై 'ఎ కలర్ బాక్స్' అనే చిన్న చిత్రం కోసం ఫిల్ము మీద నేరుగా రంగులే వేశారు. 1963లో మరో దర్శకుడు స్టాన్ బ్రాకేజ్ 'మాత్‌లైట్' అనే చిత్రం కోసం శలభాల రెక్కలు, ఆకులు, పూరేకులను పారదర్శకమైన టేపు మధ్య అతికించారు. నేను ఈ దారి పట్టింది వాళ్ల వల్లే.

గీకే పని బాగానే సాగుతోంది. నల్లగా వచ్చిన కలర్ ప్రింటు ఫిల్మును పైపైన గీకితే ఆకుపచ్చ, ఇంకాస్త లోతుకు వెళితే పసుపు, అడుగంటా గీకితే తెల్లని వెలుగు. చేతి ఒత్తిడి ఏ కాస్త మారినా రంగు మారిపోతుంది. ఎంత చూసినా తనివి తీరదు!

ఇబ్బందంతా రంగులు వేసిన భాగంతోనే. అక్రిలిక్ రంగు ఆరాక ఫిల్మును చుడితే పెచ్చులుగా లేస్తోంది. ప్రొజెక్టరులో వేస్తే గేటు (వెలుగు ముందు ఫిల్మును పట్టి ఉంచే సన్నని సందు) దగ్గర ఒరుసుకుపోతుందని భయం. సెకనుకు 24 ఫ్రేములు, అన్నీ చేత్తో వేసినవే. మళ్లీ వేసినా అవే రావు.

ఫిల్ము అంచు రంధ్రాల్లో దిగి లాగే పళ్ల చక్రాలు లేని స్కానరులో ఇలాంటి మందపాటి ఫిల్మును ఎవరైనా నడిపించారా? అక్రిలిక్‌కు బదులు ఏ సిరా వాడితే ఫిల్ముతో పాటు వంగుతుంది? పైన వార్నిష్ పూత వేస్తే స్కానులో మసకబారుతుందా? స్వయంగా చేసి చూసినవారు దయచేసి వివరంగా రాయండి. స్కానింగుకు ఇచ్చే ముందు ఒక ముక్క మీద పరీక్షించి చూస్తాను.