“షౌన్ మెర్ మాల్”కు “వేచి చూద్దాం” సరిపోతుందా?

జర్మనీ ఫుట్‌బాల్ ఆటగాడు, కోచ్ ఫ్రాంజ్ బెకెన్‌బావర్ మీద ఒక మిత్రుడు రాసిన వ్యాసం నిన్న దిద్దుతున్నాను. ఆట సంగతులు బాగానే ఉన్నాయి. ఒక్క మాట దగ్గర పెన్ను ఆగింది. బెకెన్‌బావర్ నోట తరచూ ఆడిన, జర్మనీలోని బవేరియా ప్రాంతపు యాస మాట “షౌన్ మెర్ మాల్”. జర్మనీలో ఈ మాట వింటే ఆయనే గుర్తొస్తాడు. మిత్రుడు దీన్ని “వేచి చూద్దాం” అని తెలుగు చేశాడు. నాకది పేపర్లో హెడ్డింగులా వినిపించింది.

విడదీసి చూడండి. “షౌన్” అంటే చూడటం. “మెర్” అంటే మనం. మామూలు జర్మన్‌లో అది “వీర్”. ముందున్న క్రియ చివరి నకారం, ఈ వకారం కలిసి మకారం అయ్యాయి, మన సంధుల్లాగే. “మాల్” అనేది “ఐన్‌మాల్”కు పొట్టి రూపం, అంటే ఒకసారి. మొత్తం కలిపితే “ఓసారి చూద్దాం”. ఇందులో వేచి ఉండటం ఎక్కడుంది? మనం “ఓసారి ఇలా రండి” అన్నప్పుడు ఎన్నిసార్లో లెక్క చెప్పడం లేదు, రమ్మనడంలోని కరుకు తగ్గిస్తున్నాం. అక్కడ “మాల్” చేసే పనీ అదే. ఒకసారి అరిగి ఓసారి అయింది, ఐన్‌మాల్ అరిగి మాల్ అయింది!

నా ఓటు “ఓసారి చూద్దాం”కే. మీరేమంటారు?

జవాబు: చూద్దాం అంటే మనవాళ్ళ దగ్గర సగంసార్లు “కుదరదు” అని అర్థం. పెళ్ళిచూపులకు వచ్చినవాళ్ళు “చూద్దామండీ” అని లేచారంటే ఇక ఫోన్ రాదు. ప్రపంచ కప్ గెలిపించిన కోచ్ నోట్లో ఈ మాట పెడితే దాటవేస్తున్నాడని అనుకోరా?

నేను: కొంత దాటవేత ఉంది, కాదనను. కానీ పెళ్ళివారు చెప్పాల్సింది “చూస్తాం”. అంటే మేము, మీరు కాదు. మర్యాద కోసం దాన్ని “చూద్దాం” చేస్తారు. నిజమైన చూద్దాంలో వినేవాడు కూడా ఉంటాడు. “నాకూ తెలీదు, నీకూ తెలీదు, కలిసి చూద్దాం” అని.

ఆయన ఆట చూస్తే ఆ మాట ఊరికే వచ్చిందనిపించదు. 1966 ప్రపంచ కప్ ఫైనల్లో ఇంగ్లండ్ చేతిలో ఓటమి. 1970లో మెక్సికో సిటీలో ఇటలీతో సెమీఫైనల్. భుజం కీలు తప్పింది, ఆటగాళ్ళను మార్చుకునే అవకాశాలు అప్పటికే అయిపోయాయి. చెయ్యి ఛాతీకి కట్టుకుని ఆడాడు, అయినా 4-3తో ఓడారు. 1974లో తాను పుట్టిన మ్యూనిక్‌లోనే నెదర్లాండ్స్ మీద 2-1తో గెలిచి, కెప్టెన్‌గా కప్పు ఎత్తాడు. డిఫెండరే, కానీ ప్రత్యర్థి ఆటగాణ్ణి ఒకణ్ణి పట్టుకుని కూర్చోడు. వెనక నుంచి బంతి తీసుకుని నింపాదిగా ముందుకొస్తాడు. అలాంటివాణ్ణి లిబెరో అంటారు, ఇటాలియన్‌లో “స్వేచ్ఛగా ఉన్నవాడు” అని.

తర్వాతిది ఇంకా తమాషా. 1984లో పశ్చిమ జర్మనీ జట్టును ఆయనకు అప్పగించారు. కోచ్ లైసెన్సు లేదు! అందుకని “టీమ్‌షెఫ్” అని పిలిచారు. షెఫ్ అనగానే వంటాయన అనుకునేరు, జర్మన్‌లో దానికి బాస్ అని అర్థం. లైసెన్సు లేకుండా ఆ కుర్చీలో కూర్చున్నవాడికి “గెలిచి తీరతాం” కన్నా “ఓసారి చూద్దాం” బాగా నప్పుతుందని నాకనిపిస్తుంది. 1986 ఫైనల్లో అర్జెంటీనా చేతిలో 3-2తో ఓటమి. 1990లో రోమ్‌లో మళ్ళీ అదే అర్జెంటీనా, 85వ నిమిషంలో ఆయన జట్టు ఆటగాడు బ్రేమె పెనాల్టీ గోల్, 1-0తో గెలుపు. కెప్టెన్‌గానూ, కోచ్‌గానూ ప్రపంచ కప్ గెలిచిన మొదటి మనిషి ఈయనే.

జవాబు: యాస మాటకు యాస మాటే పెట్టాలి కదా? మా సీమలో “ఒకతూరి చూద్దాం” అంటాం. తెలంగాణవాళ్ళు “ఒకపారి” అంటారు. మీ “ఓసారి”లో యాస ఏదీ?

నేను: అలా పెట్టాలని నాకూ ఆశగానే ఉంది. కానీ “ఒకతూరి” అనగానే చదివేవాడికి బవేరియా పోయి కడప కనిపిస్తుంది. ఆయన కడపాయన అయిపోతాడు! “ఓసారి”కి ఊరు లేదు, కానీ నోటి మాట అని తెలుస్తుంది. వ్యాసంలో అదే ఉంచి, బవేరియా యాస అని పక్కన ఒక ముక్క రాస్తే చాలు.

జవాబు: 1990లో గెలిచాక ఆయన చూద్దాం అనలేదుగా? తూర్పు జర్మనీ ఆటగాళ్ళు కూడా వచ్చి కలుస్తారు, ఇక చాలా ఏళ్ళు మమ్మల్ని ఎవరూ ఓడించలేరు అన్నాడు. మిగతా ప్రపంచానికి సారీ కూడా చెప్పాడు. ఏమైంది? 1992 యూరో (యూరప్ దేశాల కప్పు) ఫైనల్లో డెన్మార్క్ 2-0తో కొట్టింది. 1994లో క్వార్టర్‌ఫైనల్లో బల్గేరియా ఇంటికి పంపింది.

నేను: అవును, ఆ ఒక్కసారీ చూద్దాం అని ఉంటే బాగుండేది. అప్పటికి కోచ్ ఆయన కాదు లెండి, ఆ రెండు ఓటములూ బెర్టీ ఫోగ్ట్స్ లెక్కలో పడ్డాయి. ఆయనా ఒకప్పటి డిఫెండరే, 1974 జట్టువాడే.

మరిచాను, ఈ మాటకు తోక కూడా ఉంది: “డన్ సేన్ మెర్ షో”. అప్పుడు చూస్తాం, అంటే అప్పుడు తెలుస్తుంది అని. జర్మన్‌లో షౌ, సే రెండు వేరే క్రియలు. మనకు రెంటికీ “చూచు”నే ఉంది కాబట్టి రెండోదానికి తెలియడం వాడాలి. చివర ఉన్న “షో” ధైర్యం చెప్పే ముక్క. దానికి మన “లే” సరిగ్గా అతుకుతుంది: “ఓసారి చూద్దాం, అప్పుడు తెలుస్తుందిలే.” ఆ “లే”ని పొరపాటున ముందు ముక్కకు తగిలించి “చూద్దాంలే” అన్నామో, పెళ్ళివారి జవాబు అయిపోతుంది.